సున్నం వేయని మూల

నా చిన్నప్పుడు మా ఊరి చర్చికి మనుషులకంటే పిచ్చుకలే క్రమం తప్పకుండా వచ్చేవి. మగవాళ్లు ప్రసంగం సగమయ్యాక వచ్చి వెనక గోడకు ఆనుకుని కూర్చునేవారు. పిచ్చుకలు మాత్రం మొదటి గంటకే దూలాల మీద చేరి, పాస్టరు అయ్యగారు నోరు విప్పకముందే పాట అందుకునేవి. చిలకలూరిపేట దాటి ఒంగోలు వైపు వెళ్తుంటే రోడ్డుకు బాగా లోపలగా ఉండే నల్లరేగడి ఊరు మాది. ఎటు చూసినా పత్తి, పత్తి లేనిచోట మిరప. చర్చి బాగా పాతది. రాతిగోడలు, పైన పెంకుల కప్పు, గోడకూ కప్పుకూ మధ్య చుట్టూతా చెయ్యి దూరేంత సందు. ఆ సందు ఎవరు రాసిచ్చారో గానీ పూర్తిగా పిచ్చుకలదే. మామూలు రోజుల్లో మా బడి కూడా అందులోనే నడిచేది కాబట్టి, మేం ఎక్కాలు వల్లిస్తుంటే పలకల మీద గడ్డిపోచలు రాలేవి. ఒక్కోసారి గడ్డిపోచలు కానివీ రాలేవి.

ఆ చర్చిని ఊడ్చేది మా మామ్మ, అంటే మా నాన్న తల్లి. ఎప్పుడో ఒక అయ్యగారు ఆమె చేతికి తాళంచెవి ఇచ్చారట. ఆయన బదిలీ అయ్యారు, ఆ తర్వాత ఇంకో నలుగురు మారారు, తాళంచెవి మాత్రం మామ్మ కొంగుముడిలోనే ఉండిపోయింది. జీతం లేని పని. అయినా పొలంలో ఆమె ఇరవై మంది కూలీల్లో ఒకత్తె, ఇంట్లో కోడలు పెట్టింది తినే ముసలమ్మ. ఆ తలుపు దగ్గర మాత్రం అయ్యగారైనా సరే, ఆమె వచ్చేదాకా మెట్ల మీద నిలబడాల్సిందే. ఆ సంగతి ఆమెకూ తెలుసు. ఆదివారం పొద్దున్నే తెల్లచీర కట్టుకుని, కొంగుముడి విప్పుకుంటూ నడిచే నడకలో కాస్త దర్జా ఉండేది. మా అమ్మ అది చూసి చాటుగా నవ్వుకునేది.

ఊడ్చినప్పుడు పోగైన గడ్డిని మామ్మ బయట పారేసేది కాదు. గుమ్మం పక్కన కుప్పగా పెట్టేది. పిచ్చుకలు దాన్ని మళ్లీ పైకి మోసుకెళ్లేవి, మళ్లీ రాల్చేవి, ఈమె మళ్లీ ఊడ్చేది. ఆ వ్యవహారంలో ఎవరికీ విసుగు పుట్టినట్టు లేదు.

నేను మూడో తరగతిలో ఉన్న ఏడు, క్రిస్మస్‌కు గుంటూరు నుంచి ఎవరో పెద్ద అయ్యగారు వస్తున్నారన్నారు. మా సంఘపెద్ద చెడ్డవాడు కాదు, శుభ్రమంటే కాస్త పిచ్చి ఉన్న మనిషి. గోడలకు సున్నం వేయించాలనీ, వేసిన సున్నం మీద రెట్టలు పడకుండా పైన సందంతా సిమెంటుతో మూసేయాలనీ తీర్మానించాడు. గూళ్లన్నీ లాగేశారు. అప్పటికి అవి ఖాళీ గూళ్లే. తూర్పు మూల గూట్లో మాత్రం మూడు పిల్లలున్నాయి, ఇంకా కళ్లు తెరవనివి. కాలం కాని కాలంలో పుట్టిన పిల్లలు. మామ్మ వెళ్లి ఆ మూలకు అడ్డంగా నిలబడింది. ఆ ఒక్క చోటు వదిలేయమని, అవి ఎగిరిపోయిన రోజున తనే నిచ్చెనెక్కి సున్నం పూస్తానని, అంతవరకూ పూచీ తనదని బతిమాలింది. సంఘపెద్ద గొణిగాడు గానీ ఒప్పుకున్నాడు. పన్నెండు రోజులు గడువిచ్చి, ఆ తర్వాత పిల్లలున్నా లేకపోయినా మూసేస్తానన్నాడు. నిచ్చెననూ, అడుగున కాస్త సున్నం మిగిలిన బకెట్టునూ మామ్మ కోసం ఆ మూలనే వదిలేశారు.

అప్పటి నుంచి ఊళ్లో అవి మామ్మగారి పిట్టలైపోయాయి. బావి దగ్గర ఆడవాళ్లు నీ మనవలు కళ్లు తెరిచారా అని ఆటపట్టించేవారు. బడిపిల్లలం రోజూ ఆ మూల కిందే గుంపుగా కూర్చునేవాళ్లం. పంతులుగారు కూడా పాఠం మధ్యలో ఒకసారి తలెత్తి చూసుకునేవారు. తెల్లగా మెరిసే గోడల మధ్య ఆ మూల ఒక్కటే పాత నలుపుతో మిగిలి ఉండేది. అందరి కళ్లూ దాని మీదే.

నా తొందర ఒక్కటే. గడువులోపల అవి ఎగరాలి. తల్లిపిట్ట ఒక్కటే తిండి తెచ్చేది. మగపిట్ట ఏమైందో తెలియదు. పొలాల్లో చచ్చిపడిన పిట్టలు కనిపించడం ఆ రోజుల్లో వింతేమీ కాదు. మధ్యాహ్నం బడి వదలగానే నేను నిచ్చెనెక్కి చూసేదాన్ని. ఎర్రటి చర్మం, పొడుచుకొస్తున్న ఈకల మొలకలు, తలకంటే పెద్ద నోరు. కాకిపిల్ల కాకికి ముద్దంటారు గానీ, ఆ పిచ్చుకపిల్లలు నాకు కూడా ముద్దుగానే ఉండేవి. ఒక్క తల్లి ముగ్గురిని ఎలా మేపుతుందని నాకు దిగులు. మామ్మకు చెబితే, తన లెక్క ప్రకారం రోజులు సరిపోతాయంది. నన్ను పట్టుకుని ఒక మాట కూడా గట్టిగా చెప్పింది.

"దాని పిల్లల్ని అది పెంచుకుంటది. నువ్వు చూడు, నేనొద్దనను. చెయ్యి మాత్రం పెట్టమాక."

ఆ మాట నేను విన్నాను. వినలేదని చెప్పుకునే వీలు నాకు లేదు.

ఆ ఏడు పత్తికి పచ్చపురుగు విరుచుకుపడింది. కాయను తొలుచుకుని లోపల కూర్చునే పురుగు. రైతులు ఒక మందు కొట్టారు, దానికి లొంగలేదు. రెండు కలిపి కొట్టారు, మూడు కలిపి కొట్టారు. చివరికి చేత్తో ఏరించడం మొదలుపెట్టారు. సెలవు రోజుల్లో పిల్లలం కూడా వెళ్లేవాళ్లం. ఒక్కొక్కరికి ఒక సాలు, చేతిలో కిరసనాయిలు నీళ్లు పోసిన డబ్బా. పురుగును పట్టుకోవడం, డబ్బాలో వేయడం. సాయంత్రానికి వేళ్లు మండేవి. అన్నం తినేముందు మామ్మ మా చేతులకు బూడిద పెట్టి తోమేది.

మందుకు చచ్చిన పురుగు విషమని మాకందరికీ తెలుసు. చచ్చిన పురుగును ఏరుకుతిన్న కోడి చావడం కళ్లతో చూశాం. బతికున్న పురుగు సంగతి వేరు. పురుగు కదులుతోందంటే దానికి మందు తగల్లేదని లెక్క. నా ఒక్కదాని లెక్క కాదది. గట్టు మీద నిలబడి రైతులు అనుకునే మాటే అది. ఆకు తిప్పి చూసి, పురుగు పాకుతుంటే, మందు సరిగ్గా పడలేదు, మళ్లీ కొట్టాలి అనేవారు. పత్తి పండించే ఊళ్లో పుట్టిన పిల్లకు అంతకంటే వేరే జ్ఞానం ఎక్కడి నుంచి వస్తుంది?

గడువు మధ్యలో వచ్చిన శనివారం నేను పురుగులు ఏరుతూ, బాగా లావుగా ఉన్నవి, ముట్టుకుంటే చుట్టుకుపోయేంత చురుగ్గా ఉన్నవి చూసి చూసి పక్కన పెట్టుకున్నాను. మందకొడిగా ఉన్నదాన్ని ఒక్కదాన్ని కూడా తీసుకోలేదు. అనుమానం వచ్చినదాన్ని డబ్బాలో పడేశాను. అంత జాగ్రత్తగా నేను జీవితంలో ఏ పనీ చేయలేదు. ఖాళీ అగ్గిపెట్టెలో పత్తి ఆకు ముక్క వేసి, అందులో దాచుకున్నాను. సాయంత్రం మామ్మ మర్నాటి ఆరాధన కోసం చర్చి ఊడ్వడానికి వెళ్తే వెంట వెళ్లాను. ఆమె బయట మెట్లు కడుగుతుండగా నిచ్చెనెక్కాను.

నీడ పడగానే మూడు నోళ్లూ తెరుచుకున్నాయి. నన్నే తల్లి అనుకున్నాయి. ఒక్కొక్క పురుగునూ చిదిపి, ముగ్గురికీ సమానంగా పెట్టాను. గుటుక్కున మింగి మళ్లీ నోరు తెరిచేవి. అప్పటిదాకా ఇంట్లో నేనే అందరికంటే చిన్నదాన్ని, అందరూ నాకు పెట్టేవాళ్లే. నా చేతి నుంచి ఇంకొకరు తినడం అదే మొదలు. ఆ సంతోషం ఎంతటిదంటే, ఇంటికెళ్లి అన్నం కూడా సరిగ్గా తినలేదు. ఇంకో శనివారం కూడా ఇలా పెడితే గడువుకంటే ముందే ఎగురుతాయనుకున్నాను.

మర్నాడు పొద్దున మామ్మ తలుపు తీయగానే నేను మూలకు పరిగెత్తాను. చప్పుడు లేదు. తల్లిపిట్ట దూలం మీద కూర్చుని ఉంది. ముక్కున ఏదో పట్టుకుని ఉంది, గూట్లోకి మాత్రం వెళ్లడం లేదు. నిచ్చెనెక్కి చూస్తే రెండు పిల్లలు మెడలు వేలాడేసి పడి ఉన్నాయి. మూడోది రెక్కలు కొట్టుకుంటూ వణుకుతోంది. నా కేక విని మామ్మ వచ్చింది. దాన్ని అరచేతిలోకి తీసుకుని, కొంగు తడిపి నోట్లో చుక్క పిండింది. అది నోరు తెరవలేదు. ఇద్దరం చూస్తుండగానే వణుకు ఆగిపోయింది.

గూట్లో సగం కొరికిన పచ్చపురుగు ఒకటి మిగిలింది. మామ్మ దాన్ని రెండు వేళ్లతో తీసి చూసి, నా వైపు చూసింది. నేను దాచలేదు. మొత్తం చెప్పాను. కదిలేవే తెచ్చానని, చచ్చినవి ఒక్కటి కూడా తేలేదని, ఏడుస్తూ మళ్లీ మళ్లీ అదే మాట చెప్పాను. ఆమె నన్ను కొడుతుందనుకున్నాను. నిచ్చెన మెట్టు మీద కూలబడి, నా రెండు చేతులూ పట్టుకుని వాసన చూసింది. తర్వాత మెల్లగా చెప్పింది.

"మొన్ననే మందు కొట్టిన చేనే అది. చావలేదంటే తగల్లేదని కాదు తల్లీ. ఒళ్లంతా పూసుకుని కూడా తిరుగుతున్నాయవి."

పుణ్యానికి పోతే పాపం ఎదురైనట్టు అంటారే, ఆ మాట నాకు ఆ వయసులోనే పూర్తిగా అర్థమైంది.

అప్పుడు మామ్మ ఒక పని చేసింది. బకెట్టులో అడుగంటిన సున్నంలో వేళ్లు ముంచి, చచ్చిన మూడు పిల్లలకూ పూసింది. ముక్కులకు, రెక్కలకు, ఆ మూసుకుపోయిన కళ్లకు. మిగిలింది గూటి మీద ఒలకబోసింది. గోడ మీద తెల్లగా ఒక చార కిందకు జారింది. పచ్చపురుగును నేల మీద వేసి కాలితో రాసేసింది. నన్ను వెళ్లి ముఖం కడుక్కురమ్మంది.

జనం వచ్చారు. పిల్లలు ముందుగా మూలకే చేరారు, వాళ్ల ఏడుపులు విని పెద్దలు వచ్చారు. సంఘపెద్ద ఏమైందని అడిగాడు. మామ్మ తలవంచుకుని, రాత్రి ఆ చుట్టుపక్కల కాస్త సున్నం పూద్దామని నిచ్చెనెక్కానని, చెయ్యి తడబడి బకెట్టు గూట్లోకి ఒలికిందని చెప్పింది. నేను ఆమె పక్కనే ఉన్నాను. ఆమె చీర కుచ్చిళ్లు నా పిడికిట్లో ఉన్నాయి.

ఆయన కోప్పడలేదు. కోప్పడినా బాగుండేది. అందరిలో, జాలిగా ఒక మాటన్నాడు.

"చేతులు ఆడకపోతే చెప్పొచ్చు కదా పెద్దమ్మా. ఇన్నేళ్లు చేశావు, ఇక చాల్లే."

ఆరాధన అయ్యాక పెద్దలు నలుగురూ కూర్చుని, ఆమెకు విశ్రాంతి ఇవ్వాలని నిర్ణయించారు. మా పక్క వీధి ఆవిడకు తాళంచెవి ఇమ్మన్నారు. మామ్మ కొంగుముడి విప్పడానికి చాలాసేపు పట్టింది. ఏళ్ల తరబడి అదే చోట వేసిన ముడి బిగుసుకుపోయింది. చూశావా చేతులు, అని వెనక ఎవరో అన్నారు. నేను ఒక్క మాట చెబితే ఆ తాళంచెవి ఆమె దగ్గరే ఉండేది. ఆ సంగతి నాకు అప్పుడే, అక్కడే, స్పష్టంగా తెలుసు. ఎనిమిదేళ్ల పిల్ల, పాపం, దానికేం తెలుసని నన్ను ఎవరూ వెనకేసుకు రానక్కర్లేదు. తెలిసే నోరు మూసుకున్నాను.

ఇంటికొచ్చాక ఆమె ఒడిలో తల పెట్టి, వెళ్లి చెప్పేస్తానన్నాను. అప్పటికే అన్నీ అయిపోయాయి కనుక ఆ ధైర్యం వచ్చింది. మామ్మ నా జుట్టులో చెయ్యి పెట్టి, వద్దంది.

"చిన్నపిల్ల మీద పడ్డ పేరు బతికినన్నాళ్లూ ఉంటది. ముసలిదాని మీద పడితే ఏముంది, నాతోపాటే పోద్ది. పెద్దయ్యాక చెప్పాలనిపిస్తే అప్పుడు చెప్పుకుందువుగానిలే."

మర్నాడు మిగిలిన ఆ కాస్త సందు కూడా మూసేశారు. ఆ మూలకు సున్నం వేశారు. పెద్ద అయ్యగారు వచ్చి, చర్చి మల్లెపువ్వులా ఉందని మెచ్చుకుని వెళ్లారు.

మామ్మ మాత్రం ఇంట్లో ఒక విషయంలో మొండికేసింది. నన్ను మళ్లీ పురుగులు ఏరడానికి పంపనివ్వలేదు. మా అమ్మా నాన్నా కూలి తగ్గుతుందని గొడవపడితే, నా సాలు తను పట్టుకుంది. అరవై దాటిన మనిషి, నేను ఏరాల్సిన పురుగులు నాలుగేళ్లు ఏరింది. వేళ్ల చివర్లు పగిలి మానేవి కావు. ఆ చేతులతోనే నాకు జడ వేసేది, వెంట్రుకలు ఆ పగుళ్లలో చిక్కుకునేవి. ఆదివారాలు ఆడవాళ్ల వరసల్లో చివరన కూర్చునేది. ఇంకొకావిడ ఊడ్చిన నేల మీద గడ్డిపోచ కనబడితే తీసి, ఎక్కడ పెట్టాలో తోచక చేతిలోనే పట్టుకుని ప్రార్థన అయ్యేదాకా ఉండేది.

పెద్దయ్యాక చెప్పుకోమంది కదా. నేను పెద్దయ్యాను. గుంటూరులో చదువుకుని టీచరునయ్యాను. సెలవులకు ఊరెళ్లిన ప్రతిసారీ ఈ ఆదివారం లేచి చెప్పేయాలనుకునేదాన్ని. కొత్త ఉద్యోగం వచ్చింది, ఇప్పుడెందుకు అనుకున్నాను. పెళ్లి సంబంధాలు చూస్తున్నారు, ఇప్పుడెందుకు అనుకున్నాను. పిచ్చుకపిల్లల సంగతి ఎవరికి గుర్తుంటుందిలే అని కూడా అనుకున్నాను. మామ్మ నన్ను ఒక్కసారి కూడా అడగలేదు. నేను బయల్దేరేటప్పుడు మాత్రం గుమ్మం దాకా వచ్చి, ఏమైనా చెప్తానేమో అన్నట్టు కాసేపు నిలబడేది. అది నా ఊహే కావచ్చు. కాకపోవచ్చు కూడా.

ఆమె పోయిన రోజున సమాధి దగ్గర సంఘపెద్ద ఆమె గురించి సాక్ష్యం చెప్పాడు. అప్పటికి ఆయనా బాగా ముసలివాడయ్యాడు. మందిరాన్ని ఎన్నో ఏళ్లు కన్నబిడ్డలా చూసుకుందన్నాడు. చివర్లో చెయ్యి తడబడి ఆ పిట్టల సంగతి అలా అయింది గానీ, మనసు మంచిదన్నాడు. మంచిమాటే చెబుతున్నాననుకున్నాడు. జనం అవునవునని తలలూపారు. అందరికీ గుర్తుంది. నేను నోరు తెరిచాను. మళ్లీ మూసి, కొంగు అడ్డం పెట్టుకున్నాను. నేను ఏడుస్తున్నాననుకుని ఎవరో ఆడవాళ్లు నన్ను పక్కకు తీసుకెళ్లారు.

ముప్పై ఏళ్లు పిల్లలకు చదువు చెప్పాను. తప్పు చేసిన పిల్లలు ఇంకొకరి వెనక నక్కడం ఎన్నిసార్లు చూశానో లెక్కలేదు. బెత్తం ఎప్పుడూ పట్టలేదు. పక్కన కూర్చోబెట్టుకుని, ఇవాళే చెప్పేయమ్మా, రేపటికి బరువెక్కుతుంది అని మాత్రం అనేదాన్ని. కొందరు చెప్పేవారు. వాళ్లు తేలిగ్గా లేచి ఆటకు పరిగెడుతుంటే చూసి అసూయపడేదాన్ని. టీచరమ్మకు తాను చెప్పే పాఠం రాదని వాళ్లకు తెలియదు.

పోయినేడు ఊళ్లో కొత్త చర్చి కట్టి, ప్రతిష్ఠకు నన్ను పిలిచారు. గాజు కిటికీలు, ఏసీలు, పైన నున్నటి సీలింగు. చీమ దూరే సందు కూడా లేదు. ఎవరి అనుభవం వాళ్లు లేచి చెప్పుకునే సాక్ష్యాల సమయంలో మైకు నా దగ్గరకు వస్తే లేచి నిలబడి, ఈ చెప్పినదంతా చెప్పాను. చెప్పి కూర్చున్నాను. అందరూ స్తోత్రం అన్నారు. మైకు పక్కావిడకు వెళ్లింది, ఆవిడ తన మోకాలి ఆపరేషను గురించి చెప్పింది. కూర్చున్నవాళ్లలో మా మామ్మ గుర్తున్నవాళ్లు నాకు ఒక్కరూ కనబడలేదు. సంఘపెద్ద లేడు. తాళంచెవి తీసుకున్నావిడ లేదు. ఆ రోజు ఏడ్చిన పిల్లల్లో కొందరు పోయారు, మిగిలినవాళ్లు ఏ ఊళ్లో ఉన్నారో తెలియదు. చేతులు కాలాక ఆకులు పట్టుకున్నట్టయింది నా పని. ఆ పేరు తనతోపాటే పోతుందంది మామ్మ. అది నిజమే, ఊరు మరిచిపోయింది. నేను మరవలేకపోయాను.

అందుకే ఇప్పుడు వినేవాళ్లు ఎవరైనా సరే చెబుతున్నాను. ఇంటికొచ్చిన చుట్టాలకు చెబుతాను, బస్సులో పక్కన కూర్చున్నవాళ్లకు చెబుతాను, ఇదిగో ఇలా రాసి చెబుతున్నాను. ఆ మూడు పిల్లలకూ తిండి పెట్టి చంపింది నేను. మా మామ్మ చెయ్యి ఎన్నడూ తడబడలేదు.